వంశధార నుంచి చంపావతి దాకా: మన నదీ మొగల గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో అసలు డెల్టా ఉందా?

ఉంది. కాకపోతే గోదావరి డెల్టా మీద పెరిగిన కళ్లకు ఆనదు. రాజమహేంద్రవరం దాటాక గోదావరి పాయలుగా చీలి, కోనసీమను ఒళ్లో పెట్టుకుని సముద్రంలోకి చొచ్చుకుపోతుంది. అలాంటి చొచ్చుకుపోయిన నేల మన తీరంలో పటం మీద ఎక్కడా కనిపించదు. కళింగపట్నం దగ్గర వంశధార, కళ్ళేపల్లి దగ్గర నాగావళి, కోనాడ దగ్గర చంపావతి తెచ్చిన ఒండ్రునీ ఇసుకనీ తీరం వెంబడే పరుచుకుని, ఒక్కో మొగ (నది సముద్రంలో కలిసే చోటు) దగ్గర ఒక్కో చిన్న మైదానాన్ని కట్టుకున్నాయి. ఆ మైదానం చుట్టూ ఇసుక దిబ్బలు, దిబ్బల వెనుక బీలలు, తంపరలు అనే పల్లపు చిత్తడి నేలలు, ఉప్పుటేర్లు ఉంటాయి. ముక్కలు ముక్కలుగా ఉంది కాబట్టి దీన్ని ఎవరూ ఒక పేరుతో పిలవలేదు. పేరు లేని భూమిని బంజరు అని రాసేయడం రికార్డులకు చాలా సులువు. ఈ పేజీలో చాలా ప్రశ్నలు చివరికి అక్కడికే వచ్చి చేరతాయి.

గోదావరికి ఉన్నంత డెల్టా మన నదులకు ఎందుకు ఏర్పడలేదు?

మొదటి కారణం నదుల పరిమాణం. గోదావరి పరీవాహక ప్రాంతం మూడు లక్షల చదరపు కిలోమీటర్లు దాటుతుంది. వంశధారది దాదాపు 10,800, నాగావళిది సుమారు 9,500. రెండూ కలిపినా గోదావరిలో పదిహేనో వంతు కూడా కాదు. గోదావరి 1,465 కిలోమీటర్లు నడిచి వస్తుంది. మనవి రెండూ ఒడిశా కొండల్లో పుట్టి, చెరో 250 కిలోమీటర్ల పైచిలుకు ప్రయాణంతోనే సముద్రంలో పడతాయి. తెచ్చే మట్టి అంతే ఉంటుంది.

రెండోది కొండల దగ్గరితనం. తూర్పు కనుమలు ఇక్కడ తీరానికి ఎంత దగ్గరగా వస్తాయంటే, 1,501 మీటర్ల మహేంద్రగిరి మీద నిలబడితే ఆకాశం నిర్మలంగా ఉన్న రోజున సముద్రం కనిపిస్తుంది. కొండకూ కడలికీ మధ్య మైదానం ఇరుకు కాబట్టి నది నింపాదిగా పాయలుగా విడిపోయే చోటు దొరకదు.

మూడోది సముద్రం. నాకు అన్నిటికన్నా ఆసక్తి కలిగించేది ఇదే. నది ఇసుకను తెచ్చి మొగలో పోస్తుంది. అల దాన్ని అక్కడ ఉండనివ్వదు. నైరుతి రుతుపవనాల కాలంలో అలలు దక్షిణం వైపు నుంచి తీరాన్ని ఏటవాలుగా కొడతాయి. ఆ దెబ్బకు ఇసుక ఒడ్డు వెంబడే ఈశాన్యంగా జరుగుతూ ఉంటుంది. చలికాలంలో కొంత వెనక్కి వచ్చినా, ఏడాది లెక్క తీస్తే ఉత్తరానికి వెళ్లేదే ఎక్కువ. మట్టి ఎక్కువ తెచ్చే నది ఆ పోరులో గెలిచి ముందుకు జరుగుతుంది. మన నదులు ఓడిపోలేదు గానీ, గెలవనూ లేదు. సముద్రం ఇసుకను పక్కకు లాగి పొడవైన దిబ్బలుగా పేర్చింది. శ్రీకాకుళం జిల్లాలోని ఉద్దానం ప్రాంతపు కొబ్బరితోటలు, జీడితోటలు పెరిగింది అలాంటి ఇసుక నేలల మీదే.

ప్రపంచంలోని డెల్టాలన్నీ దాదాపు ఈడుజోడువే. చివరి మంచుయుగం తర్వాత పెరిగిన సముద్ర మట్టం ఆరేడు వేల ఏళ్ల క్రితం నిలకడగా మారాకే అవి పేరుకోవడం మొదలైంది. మన మొగలకు కూడా అంతే వయసు.

ఏ నది ఎక్కడ సముద్రంలో కలుస్తుంది?

ఉత్తరం నుంచి దక్షిణానికి చెప్పుకుందాం. బాహుదా ఇచ్ఛాపురం మీదుగా వచ్చి ఒడిశా సరిహద్దు దగ్గర సముద్రం చేరుతుంది. మహేంద్రతనయ బారువ దగ్గర కలుస్తుంది. ఇక్కడ చాలామంది తికమకపడతారు: మహేంద్రగిరి నుంచి ఇదే పేరుతో రెండు ఏర్లు దిగుతాయి. ఒకటి బారువకు వస్తుంది, ఇంకొకటి వంశధారలో కలిసిపోతుంది. వంశధార కళింగపట్నం దగ్గర, అక్కడికి ఇరవై కిలోమీటర్ల పైచిలుకు దూరంలో నాగావళి కళ్ళేపల్లి దగ్గర సముద్రాన్ని చేరతాయి. తర్వాత విజయనగరం జిల్లాలో కోనాడ దగ్గర చంపావతి. అనంతగిరి కొండల్లో పుట్టి బొర్రా గుహల మీదుగా వచ్చే గోస్తనీ నది విజయనగరం జిల్లాలో తాటిపూడి జలాశయాన్ని నింపి, విశాఖ జిల్లా భీమునిపట్నం దగ్గర కలుస్తుంది.

వీటి మధ్య గెడ్డలు, అంటే చిన్న వాగులు, లెక్కలేనన్ని. వేసవిలో బొత్తిగా ఎండిపోయి, తుఫాను రాత్రి ఊరిని ముంచగల గెడ్డ ప్రతి మండలంలో ఒకటైనా ఉంటుంది.

శ్రీకాకుళం జిల్లా తీరం పొడవు 193 కిలోమీటర్లు. విజయనగరానిది 28 మాత్రమే.

మొగ ఏటేటా చోటు మారుతుందంటారు, నిజమేనా? వేసవిలో ఎందుకు మూసుకుపోతుంది?

నిజమే. వంశధార మొగ దగ్గర నిలబడితే ఈ సంగతి కంటితోనే తెలుస్తుంది. నదికీ సముద్రానికీ మధ్య సన్నటి ఇసుక తిన్నె ఒకటి సాగి ఉంటుంది. ఒకవైపు అలలు ఎగిసిపడుతుంటాయి. నాలుగు అడుగులు ఇటు వేస్తే నది నీరు కదలకుండా ఉంటుంది. దక్షిణం నుంచి జరిగే ఇసుక ఈ తిన్నెను పొడిగిస్తూ పోతుంది. నది దారి దొరక్క తిన్నె వెంబడి ఉత్తరంగా ఒంగి, ఎక్కడ పల్చగా ఉంటే అక్కడ చీల్చుకుని సముద్రంలో పడుతుంది. పెద్ద వరద వస్తే ఆ వంకర దారి చాలదు. నీరు తిన్నెను నేరుగా తెంచుకుని కొత్త మొగ వేస్తుంది. వరద తీశాక ఇసుక మళ్లీ మొదటి నుంచి పని మొదలుపెడుతుంది.

జనవరి దాటాక నదిలో నీటి వేగం తగ్గుతుంది. ఇసుకను బయటికి నెట్టే బలం ఉండదు. ఆటుపోట్లు ఆ పని చేయాలంటే వాటి ఎత్తు ఇక్కడ పెద్ద పోటు రోజున కూడా ఒకటిన్నర మీటరు ప్రాంతంలోనే ఉంటుంది. అందుకని చిన్న నదులు, గెడ్డల మొగలు వేసవిలో పూర్తిగా మూతపడతాయి. మూతపడితే లోపలి నీరు కదలదు, వేడెక్కుతుంది, పాచి పడుతుంది. రొయ్య పిల్ల, చేప పిల్ల సముద్రం నుంచి లోపలికి రాలేవు. అందుకే మత్స్యకారులు ఒక్కోసారి తామే పారలు పట్టి గండి కొడతారు. పోటు చూసుకుని, లోపలి నీటి మట్టం బయటి కన్నా ఎత్తుగా ఉన్న వేళ కొట్టాలి. ముందు జానెడు కాలువ తీస్తే చాలు, మిగిలింది నీరే తవ్వుకుంటుంది. వేళ తప్పితే సముద్రం మర్నాటికే పూడ్చేస్తుంది.

పండుగప్ప లాంటి చేపలకు మొగతో అంత పని ఏమిటి?

పండుగప్ప తీపినీటిలో పెరిగి, గుడ్లు పెట్టడానికి ఉప్పునీటి వైపు దిగుతుంది. పిల్లలు మళ్లీ ఏటి వైపు ఎక్కుతాయి. రొయ్యది దాదాపు తిరగేసిన కథ: గుడ్లు సముద్రంలో, బాల్యం ఉప్పుటేరులో. రెండింటికీ మొగే తలుపు. మొగ మూతపడిన ఏడాది తర్వాత వల తేలికగా వస్తోందంటే కారణం వెతకడానికి దూరం వెళ్లనక్కర్లేదు.

వంశధార వరద అంత హఠాత్తుగా ఎందుకు వస్తుంది?

నది పొట్టిది, వాలు ఎక్కువ. ఒడిశా కొండల్లో రాత్రంతా కురిసిన వాన మర్నాటికి హిరమండలం దగ్గర గొట్టా బ్యారేజి గేట్ల ముందు ఉంటుంది. గోదావరికి భద్రాచలం నుంచి ధవళేశ్వరానికి వచ్చేలోగా లెక్కలు వేసుకునే వ్యవధి దొరుకుతుంది. ఇక్కడ ఆ వెసులుబాటు లేదు. పైగా మన వర్షం రెండు విడతలు. నైరుతి రుతుపవనాలు సరే, అక్టోబరులో తుఫానులు అసలు పరీక్ష పెడతాయి. అప్పటికే చెరువులు నిండి, నేల నానిపోయి ఉంటుంది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాస ప్రాంతంలో తీరం దాటినప్పుడు ఉద్దానంలో గాలి చేసిన విధ్వంసం అందరికీ గుర్తుంది. కానీ అదే తుఫాను మహేంద్రగిరి మీద కుమ్మరించిన వానకు మహేంద్రతనయ, బాహుదా, వంశధార మూడూ ఒకేసారి పొంగాయి. గాలికి పడిన ఊళ్లు ఒకటి, నీటికి మునిగిన ఊళ్లు ఇంకొకటి.

వరద మొగకు చేరే వేళకు సముద్రంలో పోటు ఉంటే నీరు దిగదు, వెనక్కి తన్నుతుంది. తుఫాను ఉప్పెన తోడైతే ఇక చెప్పనక్కర్లేదు. నది ఒడ్డున ఉన్న గార, పోలాకి మండలాల పల్లెలకు ఇది కొత్త పాఠం కాదు.

బీల, తంపర అంటే ఏమిటి? అవి చిత్తడి నేలలేనా?

చిత్తడి నేలలే, కానీ ఆ మాట ఒక్కటీ సరిపోదు. సముద్రం పేర్చిన ఇసుక దిబ్బకూ వెనక ఉన్న మెట్ట నేలకూ మధ్య పల్లం మిగిలిపోతుంది. కొండల నుంచి వచ్చే గెడ్డలు ఆ పల్లంలోకి చేరి, దిబ్బ అడ్డు పడటంతో అక్కడే పరుచుకుంటాయి. దాన్ని సోంపేట వైపు బీల అంటారు. సంతబొమ్మాళి, నౌపడ వైపు ఉప్పు, తీపి రెండూ కలిసే పల్లాన్ని తంపర అంటారు.

సోంపేట బీలను దగ్గరగా చూడండి. వానాకాలంలో అది సరస్సు. నీరు తగ్గుతున్న కొద్దీ అంచు నుంచి లోపలికి వరి దిగుతుంది. నీరు పల్లానికి తనంతట తాను పారుతుంది, మోటారు అవసరం లేదు. మధ్యలో నీరు మిగిలిన చోట చేపలు పడతారు. గట్టు మీద జమ్ము కోసి చాపలకు వాడతారు. ఎండాకాలం పశువులకు అక్కడే మేత. ఇసుక దిబ్బలో ఇంకిన తీపినీరు దిగువన బావులకు ఊట అవుతుంది. ఆ ఊట బరువే సముద్రపు ఉప్పునీరు ఎగదన్నకుండా ఆపుతుంది. ఒకే నేల ఏడాదిలో నాలుగు వృత్తులకు తిండి పెడుతుంటే, సర్వే నంబరు ఎదురుగా మాత్రం ఒక్క పదమే ఉంటుంది: బంజరు.

సోంపేట, కాకరాపల్లి ఆందోళనలు దీని గురించేనా?

అవును. రెండు చోట్లా థర్మల్ విద్యుత్ కేంద్రాలకు ఈ పల్లపు నేలలనే ఎంచారు. వాడుకలో లేని బంజరు అన్నది కాగితం మీది మాట. ఆ నేల మీద బతికే రైతులు, మత్స్యకారులు ఒక్కటై ఎదురు తిరిగారు. 2010 జులై 14న సోంపేటలో, 2011 ఫిబ్రవరి 28న కాకరాపల్లిలో పోలీసు కాల్పులు జరిగి ప్రాణాలు పోయాయి. సోంపేట కాల్పులు జరిగిన రోజే జాతీయ పర్యావరణ అప్పీలు అథారిటీ ఆ ప్రాజెక్టు పర్యావరణ అనుమతిని రద్దు చేసింది. ఉదయం తూటా, అదే రోజు తీర్పు. తీర్పు ఒక్క రోజు ముందు వచ్చి ఉంటే అన్న మాట ఆ ఊళ్లలో ఇప్పటికీ వింటాం.

ఆ పోరాటాన్ని అభివృద్ధి వ్యతిరేకం అని తేల్చేసిన వాళ్లు ఆనాడు చాలామంది. బీలలో ఎన్ని ఎకరాలు మోటారు లేకుండా తడుస్తున్నాయో వాళ్లలో ఎందరు అడిగారో నాకు సందేహమే.

నౌపడ ఉప్పుకు అంత పేరు ఎలా వచ్చింది?

చోటు కలిసొచ్చింది. పోటు నీరు ఉప్పుటేరు ద్వారా లోపలికి దూరంగా వస్తుంది, నేల చదును, మట్టి బంకగా ఉండి నీటిని ఇంకనివ్వదు, జనవరి నుంచి ఎండ గట్టిది. పక్కనే హౌరా, చెన్నై రైలు మార్గం. పర్లాకిమిడి సంస్థానం 1900లో నడిపించిన చిన్న రైలు కూడా నౌపడ నుంచే బయలుదేరేది.

ఉప్పు పండటం చూసిన వాళ్లు తక్కువ కాబట్టి కాస్త వివరంగా చెబుతాను. సముద్రపు నీటిని నేరుగా ఎండబెడితే వచ్చేది తినదగ్గ ఉప్పు కాదు. నీటిని ముందు పెద్ద మడుల్లోకి వదిలి, ఒక మడి నుంచి ఇంకో మడికి మారుస్తూ చిక్కబరుస్తారు. చిక్కదనాన్ని బోమె డిగ్రీల్లో కొలుస్తారు. ముందుగా సున్నం, జిప్సం విడిపోయి అడుగున పడతాయి. పాతిక డిగ్రీలకు వచ్చాక ఆ నీటిని చిన్న మడుల్లోకి పెడితే ఉప్పు గళ్లు కడుతుంది. కానీ ముప్పై డిగ్రీలకు దగ్గరపడే లోపే మిగిలిన నీటిని తోడేయాలి. లేకపోతే మెగ్నీషియం లవణాలు కూడా దిగి ఉప్పు చేదెక్కుతుంది, గాలి తగిలితే చెమ్మగిల్లుతుంది. ఆ వేళ తెలుసుకోవడంలోనే పనితనం ఉంది. అనుభవం ఉన్నవాళ్లు నీటి మీద తేలే తెట్టు చూసి, కాలితో మడి అడుగు తడిమి చెప్పేస్తారు. తర్వాత చెక్క పలకతో, అడుగు మట్టి లేవకుండా, ఉప్పును గట్టుకు లాగి కుప్ప పోస్తారు. మట్టి లేస్తే ఉప్పు రంగు పోతుంది, ధర పోతుంది. ఇదంతా మిట్టమధ్యాహ్నపు ఎండలో, ఉప్పునీటిలో పాదాలు నానుతూ చేసే పని. వేసవిలో ఒక్క అకాల వర్షం పడితే నెల కష్టం కరిగిపోతుంది.

టెక్కలి వైపు ఉన్న తేలినీలాపురం పక్షులు సైబీరియా నుంచి వస్తాయా?

ఈ మాట ఎంతగా పాతుకుపోయిందంటే, కాదని చెబితే జనం నొచ్చుకుంటారు. అక్కడ గూళ్లు పెట్టే గూడబాతులు, ఎర్రకాళ్ల కొంగలు దక్షిణాసియా పక్షులే. మన చెరువులు, కొల్లేరు లాంటి సరస్సులు, తీరపు చిత్తడి నేలల మధ్య తిరుగుతూ, సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో గూళ్లు కట్టడానికి ఇక్కడికి చేరతాయి. మార్చి, ఏప్రిల్ నాటికి పిల్లలతో వెళ్లిపోతాయి. సైబీరియా నుంచి, మధ్య ఆసియా నుంచి వచ్చే బాతులు, ఉల్లంకి పిట్టలు వేరే ఉన్నాయి. అవి నౌపడ తంపరల్లో, ఉప్పు మడుల్లో మేత మేసి పోతాయి గానీ ఇక్కడ గూడు కట్టవు. గూడు కట్టింది అంటే అది మన పక్షే.

ఊరి మధ్యలో చింతచెట్ల మీద అంత పెద్ద పక్షి గూడు కట్టడానికి తెగించిందంటే కారణం రెండు. ఒకటి, నౌపడ తంపర, చెరువులు దగ్గరలో ఉండటం; పిల్లకు పూటపూటకూ చేప తేవాలి. రెండోది, ఊరి వాళ్లు తరతరాలుగా వాటి జోలికి పోకపోవడం. పక్షులు వస్తే పంట బాగుంటుందని నమ్మకం. పెంటతో చెట్టు కింద వాసన ముక్కులు బద్దలు కొడుతుంది. గూడు కట్టే కాలంలో చెట్టు కింద నడిస్తే నెత్తిన పడేది పూలు కాదు. అయినా ఎవరూ చెట్టు కొట్టలేదు.

ఇచ్ఛాపురం దగ్గరి తేలుకుంచి కథ వేరు. అక్కడికి వచ్చేవి నత్తగుల్ల కొంగలు. జూన్ తొలకరికి దిగి, చలికాలం ముదిరే లోపు వెళ్లిపోతాయి. వాటి ముక్కు మూసినా మధ్యలో సందు మిగులుతుంది; నత్తను పట్టి గుల్ల నుంచి లాగడానికి ఆ ఏర్పాటు. వరి మడుల్లో నత్తలు బలిసే కాలమే వాటి సంతాన కాలం. పొలంలో మందులు ఎక్కువైతే నత్త పోతుంది. నత్త పోతే కొంగ రాదు.

సముద్ర తాబేళ్లు ఎప్పుడు కనిపిస్తాయి?

ఆలివ్ రిడ్లే తాబేళ్లు జనవరి నుంచి మార్చి వరకు రాత్రి వేళ ఒడ్డుకు వచ్చి, ఇసుకలో గొయ్యి తవ్వి నూరు పైచిలుకు గుడ్లు పెట్టి పోతాయి. ఒడిశాలోని రుషికుల్య మొగ దగ్గర ఒకేసారి వేలల్లో వస్తాయి. మన తీరంలో అంత సందడి లేదు, విడివిడిగా వస్తాయి. అటవీ శాఖ, స్వచ్ఛంద సంస్థలు గుడ్లను సేకరించి కంచె వేసిన చోట పాతిపెడతాయి. ఏడు వారాల అటూ ఇటుగా పిల్లలు బయటికి వస్తాయి. పిల్ల ఆడా మగా అన్నది ఇసుక వేడే నిర్ణయిస్తుంది: వేడి ఎక్కువైతే ఆడవి పెరుగుతాయి.

మర వలల్లో చిక్కి ఊపిరాడక చచ్చిపోయిన తల్లి తాబేళ్లు ఆ నెలల్లోనే ఒడ్డుకు కొట్టుకొస్తాయి. మొగ దగ్గర ఇసుక మీద నడిచేవాళ్లకు రెండు దృశ్యాలూ తప్పవు. తాబేలు కనిపిస్తే టార్చి వేయకండి, ఫోను వెలుతురు కూడా వద్దు. పిల్లలు వెలుగును చూసి సముద్రం అనుకుని అటు నడుస్తాయి.

కాకినాడ దగ్గరి కోరింగ లాంటి మడ అడవులు ఇక్కడ ఉన్నాయా?

అక్కడక్కడ ఉప్పుటేర్ల అంచున మడ మొక్కలు గుంపులుగా ఉన్నాయి, అడవి అనేంత కాదు. మడకు రోజూ పోటు నీరు వచ్చి పోతుండాలి, తాజాగా ఒండ్రు పడుతుండాలి. మూతపడే మొగల దగ్గర ఆ రెండూ దొరకవు.

మన తీరానికి కాపలా దిబ్బల మీది మొక్కలే. నేలను పాకే బాలబంది తీగ, ముట్టుకుంటే గుచ్చుకునే రావణాసురుడి మీసాలు, వాటి వెనక మొగలి పొదలు. ఇసుక ఎగరకుండా పట్టి దిబ్బను పెంచేవి ఇవే. తర్వాతి కాలంలో సరుగుడు తోటలు వచ్చాయి. గాలిని ఆపడంలో సరుగుడు పనికొస్తుంది, కలపకు ధర కూడా ఉంది. అయితే దిబ్బను చదును చేసి, తీగను పీకి సరుగుడు నాటడం లాభసాటి బేరం కాదు. కింద పడే ఆకు మందంగా పరుచుకుని వేరే మొక్కను మొలవనివ్వదు. తాబేలుకు గొయ్యి తవ్వే ఖాళీ ఇసుక కావాలి. నీటి అంచు దాకా తోట వేస్తే అది మిగలదు.

కళింగపట్నం, శాలిహుండం చరిత్రకు నదితో సంబంధం ఏమిటి?

సంబంధమంతా నదే. వంశధార దక్షిణపు గట్టున, మొగకు కొద్ది కిలోమీటర్ల ఎగువన కొండ మీద శాలిహుండం బౌద్ధ క్షేత్రం ఉంది. స్తూపాలు, చైత్య గృహాలు, తర్వాతి కాలపు తారా విగ్రహాలు. క్రీస్తు పూర్వం నుంచి వెయ్యేళ్లకు పైగా అక్కడ ఆరాధన సాగింది. 1919లో గిడుగు వెంకట రామమూర్తి దాన్ని వెలుగులోకి తెచ్చారు. కొండెక్కితే ఆ చోటు ఎందుకు ఎంచుకున్నారో చెప్పకుండానే అర్థమవుతుంది. నది వంపు, అటు మొగ, దాని అవతల సముద్రం ఒకే చూపులో అందుతాయి. ఓడ వస్తే ముందు తెలిసేది ఆ కొండ మీది వాళ్లకే.

ఎగువన అదే నది గట్టున ముఖలింగం. తూర్పు గంగ రాజుల తొలి రాజధాని కళింగనగరం అదేనని చరిత్రకారులు గుర్తించారు. రాజధాని లోపల, రేవు మొగలో, మధ్య నది దారి. ఇంత చిన్న నది అన్ని శతాబ్దాలు ఒక రాజ్యానికి ఇరుసుగా ఉండటం మామూలు సంగతి కాదు. బ్రిటిషు కాలంలోనూ కళింగపట్నం రేవుగా నడిచింది. అయితే ఓడలు ఒడ్డుకు రాలేక దూరంగా లంగరు వేసేవి, సరుకును పడవల మీద చేరవేసేవారు. కారణం పైన చెప్పిందే: మొగలో ఇసుక. రైలు వచ్చాక ఆ తిప్పలు పడే అవసరం తీరిపోయింది. దీపస్తంభం మాత్రం మిగిలింది.

చంపావతి వైపు నెల్లిమర్ల దగ్గర రామతీర్థం కొండల మీద కూడా బౌద్ధ శిథిలాలు ఉన్నాయి. కాకపోతే అటు వెళ్లేవాళ్లలో చాలామంది రాముడి గుడి చూసి వెనుదిరుగుతారు.

ఆనకట్టలు కట్టడం వల్ల మొగకు ఏమవుతుంది?

నీరు ఆగితే ఇసుక కూడా ఆగుతుంది. నాగావళి మీద తోటపల్లి దగ్గర 1908 నాటి పాత రెగ్యులేటరు, దాని తర్వాత కొత్త బ్యారేజి, దిగువన నారాయణపురం ఆనకట్ట ఉన్నాయి. నాగావళి ఉపనది సువర్ణముఖి మీద మడ్డువలస జలాశయం. వంశధార మీద గొట్టా బ్యారేజి, దాని పక్కన హిరమండలం జలాశయం. ఇవన్నీ లేకపోతే శ్రీకాకుళం జిల్లాలో వరి ఇంత పండేది కాదు, ఆ మాట ముందు చెప్పుకోవాలి.

ఇక నీటి వాటా. వంశధార నీటిని చెరిసగం పంచుకోవాలని ఒడిశా, ఆంధ్రప్రదేశ్ 1962లోనే ఒప్పుకున్నాయి. ఆ నది మీద కట్టాలనుకున్న నేరడి బ్యారేజి మాత్రం దశాబ్దాలు కదల్లేదు. వంశధార జల వివాదాల ట్రిబ్యునల్ 2017లో ఇచ్చిన తీర్పు బ్యారేజికి దారి చూపింది. ఈలోగా భామిని మండలం కాట్రగడ్డ దగ్గర నదికి పక్కగా నీరు మళ్లించే కట్టడాన్ని ఎంచుకున్నారు. నాగావళి ఉపనది జంఝావతి మీద కూడా ఒడిశాతో ముంపు పేచీ తెగకపోవడంతో 2006లో రబ్బరు సంచిని ఉబ్బించి నిలిపే ఆనకట్ట కట్టారు. ఈ వాదనల్లో రెండు రాష్ట్రాలూ సగం సగం అని పంచుకుంటున్నప్పుడు, మొగకు ఎంత వదలాలి అని అడిగిన గొంతు ఏ పక్షం నుంచీ గట్టిగా వినలేదు. సముద్రంలోకి పోయే నీరు వృథా అన్న లెక్కలో పండుగప్పకు వాటా లేదు.

నది ఇసుక తవ్వకం దీనికి తోడైంది. ఎగువన లారీలకెక్కిన ఇసుక తీరానికి చేరదు. చేరకపోతే అల కోసుకుపోయిన ఒడ్డును పూడ్చేది ఏదీ ఉండదు. సంతబొమ్మాళి మండలం మూలపేటలో 2023లో శంకుస్థాపన జరిగిన ఓడరేవు లాంటివి వచ్చినప్పుడు ఈ లెక్క ఇంకా ముఖ్యం. సముద్రంలోకి కట్టే గోడ ఉత్తరంగా జరిగే ఇసుకను ఆపుతుంది. గోడకు దక్షిణాన ఒడ్డు పెరుగుతుంది, ఉత్తరాన కోత పడుతుంది. విశాఖలో ఏటేటా ఇసుక తోడి బీచికి పోయడం దీని వల్లే.

తీరంలో నల్ల ఇసుక ఎందుకు కనిపిస్తుంది?

కొండ రాయి అరిగి వచ్చినదే. తూర్పు కనుమల్లో ఎక్కువగా ఉన్న ఖోండలైట్ శిలలో గార్నెట్, సిల్లిమనైట్ ఉంటాయి. వాటితో పాటు ఇల్మనైట్, కొంచెం మోనజైట్ కూడా నదులు మోసుకొస్తాయి. ఇవి బరువు ఎక్కువ. అల తేలిక ఇసుకను లాక్కుపోయి వీటిని వదిలేస్తుంది. గార మండలం తీరంలో ఈ ఖనిజాల కోసం తవ్వకాలు జరిగాయి. తవ్వినప్పుడు పోయేది ఖనిజం ఒక్కటే కాదు, తీపినీటి ఊటను పట్టి ఉంచే దిబ్బ కూడా.

ఇన్ని నదులుండగా ఉద్దానానికి తాగునీటి కష్టం ఎందుకు?

ఉద్దానం నదుల మధ్య ఉంది, నది మీద లేదు. ఇసుక నేలలో వాన ఇంకి బావుల్లో ఊరిన నీరే తరతరాలుగా ఆధారం. అక్కడి మూత్రపిండాల వ్యాధికి నీరే కారణమని చాలామంది తేల్చి చెబుతారు. పరిశోధనలు ఎన్నో జరిగినా ఒకే కారణం ఇదని రుజువు కాలేదు. హిరమండలం జలాశయం నుంచి గొట్టాల ద్వారా వంశధార నీటిని తెచ్చే పథకం 2023 డిసెంబరులో మొదలైంది.

మన మత్స్యకారులు గుజరాత్ దాకా వేటకు ఎందుకు వెళ్తారు?

193 కిలోమీటర్ల తీరం ఉండి కూడా పెద్ద మరపడవ నిలిపే చోటు లేకపోవడం వల్ల. మొగల్లోకి పడవ తేవాలంటే ఇసుక తట్టుకుంటుంది. మిగతా తీరమంతా అలల మీదుగా తెప్పనో చిన్న పడవనో తోయాల్సిందే. అలాంటి పడవతో దూరం వెళ్లలేరు. అందుకే గుజరాత్‌లోని వేరావల్ రేవుకు వలస. 2018లో అక్కడి నుంచి వేటకెళ్లి పాకిస్థాన్‌కు పట్టుబడిన మన జిల్లాల వాళ్లు 2020 జనవరిలో గానీ ఇల్లు చేరలేదు. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం ఉంటుంది. ఊళ్లలో పెళ్లిళ్లు ఎక్కువగా ఆ రోజుల్లోనే ఎందుకు జరుగుతాయో వేరే చెప్పనక్కర్లేదు.

చూడటానికి ఏ నెల మంచిది? ఎలా వెళ్లాలి?

డిసెంబరు, జనవరి. వరద తీసి, మొగలు ఇంకా తెరిచే ఉంటాయి. తేలినీలాపురంలో గూళ్ల నిండా పిల్లలుంటాయి. ఉప్పు మడులు చూడాలంటే మార్చికి రావాలి, కానీ ఎండకు సిద్ధపడి. రైల్లో వచ్చేవాళ్లు శ్రీకాకుళం రోడ్డు స్టేషను ఆమదాలవలసలో ఉందని గుర్తుంచుకోండి, పట్నానికి అక్కడి నుంచి మళ్లీ బస్సో ఆటోనో పట్టాలి. కళింగపట్నం, శాలిహుండం ఒకే పూటలో అవుతాయి. తేలినీలాపురానికి టెక్కలి మీదుగా వెళ్లాలి. కోనాడకు పూసపాటిరేగ వైపు నుంచి దారి. మొగ దగ్గర ఈతకు దిగకండి. పైకి నిమ్మళంగా కనిపించే చోటే నది సముద్రంలోకి లాగే వడి ఎక్కువ, ఇసుక కూడా కాలి కింద జారిపోతుంది. ఎక్కడ దిగవచ్చో, ఎక్కడ కూడదో అక్కడ వల బాగు చేసుకుంటున్న వాళ్లను అడిగితే చెబుతారు.